నటన నుంచి కాస్టింగ్‌కి: మెక్సికో సిటీ నుంచి ఒక కేస్ స్టడీ

నేను మెక్సికో సిటీలో నటులకు, నాటకాల వాళ్లకు కెరీర్ కౌన్సెలింగ్ చేస్తాను. నా దగ్గరికి వచ్చేవాళ్లలో నలభైకి అటూ ఇటూ ఉన్న నటులే ఎక్కువ. వేషాలు తగ్గుతుంటాయి, ఇల్లు గడవాలి, సినిమాని వదిలి ఉండలేరు. వాళ్లలో కొందరు కాస్టింగ్ వైపు వెళ్తారు. నటన తెలిసినవాడికి నటుల్ని ఎంచడం ఎంతసేపు అని అందరూ అనుకుంటారు. ఈ కేసులో నటన తెలియడమే మొదట అడ్డమైంది, చివరికి అదే ఆధారమైంది. మధ్యలో ఏం మారిందన్నదే నేను ముఖ్యంగా రాయాలనుకుంటున్నది. కృష్ణానగర్‌లో వేషాల కోసం తిరుగుతూ, మధ్యలో కాస్టింగ్ అసిస్టెంట్‌గా పనిచేస్తున్న వాళ్లు చాలామంది ఉంటారు. వాళ్లకు పనికొస్తుందని తెలుగులో రాస్తున్నాను.

క్లయింట్ అనుమతి తీసుకున్నాను. ఊళ్లు, వయసులు, సినిమా కథ, కుటుంబ విషయాలు ఎవరూ గుర్తుపట్టకుండా మార్చాను. నిర్ణయాలు, వాటి వెనక ఉన్న ఆలోచన మాత్రం జరిగినవే.

నేపథ్యం

ఆయనది మెక్సికోలో ఉత్తరాది రాష్ట్రం. కాలేజీ వయసులో రాజధానికి వచ్చి నాటకరంగం చదివారు. అది తొంభైల చివరి కాలం. ఒకప్పుడు లాటిన్ అమెరికా అంతటికీ సినిమాలు పంపిన దేశంలో అప్పుడు ఏడాదికి పది పన్నెండు సినిమాలు పూర్తవడమే గగనం. నటుడికి మిగిలినవి నాటకం, టీవీ, యాడ్ ఫిల్ములు. టీవీలో సింహభాగం టెలెవీసా అనే సంస్థది. దానికి సొంత నటనా పాఠశాల ఉండేది, నటులతో ప్రత్యేక ఒప్పందాలు ఉండేవి. బయట చదువుకుని వచ్చిన చామనచాయ కుర్రాడికి ఎక్కువగా దొరికేవి డ్రైవరు, వాచ్‌మన్, దొంగ వేషాలు. ఈయనకూ అవే దొరికాయి.

తర్వాత రోజులు మారాయి. కంపెనీలు తాము కట్టాల్సిన ఆదాయపు పన్నులో 10 శాతం దాకా సినిమా నిర్మాణానికి మళ్లించే వీలు కల్పిస్తూ ఎఫిసినే అనే పథకం వచ్చింది. 2015లో నెట్‌ఫ్లిక్స్ స్పానిష్ భాషలో తన మొదటి ఒరిజినల్ సిరీస్‌ని మెక్సికోలోనే తీసింది. 2019 నాటికి ఏడాదికి 200కి పైగా సినిమాలు తయారయ్యాయి. పని పెరిగింది, కానీ ఆయన వేషాలు పెరగలేదు. మంచి నటుడని పేరు ఉంది. పోస్టర్ మీద మొహం వేయడానికి మాత్రం ఎవరూ ముందుకు రాలేదు.

కాస్టింగ్‌లోకి ఆయన పక్కదారిన వచ్చారు. ఆడిషన్‌కి వచ్చినవాళ్లకు ఎదురుగా కూర్చుని రెండో పాత్ర డైలాగులు చెప్పడానికి ఒక మనిషి కావాలి. ఇక్కడ దాన్ని రెప్లికా ఇవ్వడం అంటారు. రోజు లెక్కన డబ్బిచ్చే పని. నటులు మొహమాటపడుతూ ఒప్పుకుంటారు, పదిమందికీ చెప్పుకోరు. ఈయన ఎదురుగా కూర్చుంటే మామూలు నటులు కూడా వెలుగుతున్నారని ఒక కాస్టింగ్ ఆఫీసు వాళ్లు గమనించి, రమ్మని పిలిచి అసిస్టెంట్‌గా పెట్టుకున్నారు. కెమెరా పెట్టడం, టేపులు ఎడిట్ చేయడం, ఫొటోల జాబితా చూసుకోవడం అక్కడే నేర్చుకున్నారు. కొన్నేళ్లకు సొంతంగా చిన్న ఆఫీసు తెరిచారు. నన్ను కలిసేనాటికి రెండు సినిమాలకు, చాలా యాడ్లకు కాస్టింగ్ డైరెక్టర్‌గా పేరు పడింది.

ఏ సమస్యతో వచ్చారు

మొదటి సెషన్‌లో ఆయన అడిగింది ఒకటే ప్రశ్న: "నేను మళ్లీ నటనకే వెళ్లిపోవాలా?"

నేను వెంటనే ఆ ప్రశ్న జోలికి పోలేదు. పని వదిలేయాలా అని అడిగేవాళ్లు చాలాసార్లు పనిలో ఏదో ఒక్క భాగం భరించలేక అలా అడుగుతారు. ఆ భాగం ఏదో తెలియకుండా అవునని చెప్పినా, కాదని చెప్పినా చీకట్లో రాయి వేసినట్టే. అందుకే గడిచిన వారంలో ఏ రోజు బాగా గడిచింది, ఏ రోజు గడవలేదు అని అడిగాను.

ఆడిషన్లు ఉన్న రోజు రాత్రి నిద్ర పట్టడం లేదు. పొద్దుటి నుంచి చూసిన మొహాలన్నీ కళ్లముందు తిరుగుతాయి. వాళ్లలో ఎక్కువమందికి "లేదు" అనే మాట తనవల్లే వెళ్తుంది. ఇరవై ఏళ్లు ఆ మాట వినడం అలవాటైన మనిషి, ఇప్పుడు దాన్ని తనే చెప్పాలి. దానికి తోడు పాత మిత్రులు. కాలేజీలో ఒకే గదిలో ఉన్నవాడు వాట్సాప్‌లో "నా కోసం ఏమైనా చూడు తమ్ముడూ" అని పెడితే, జవాబివ్వడానికి రోజులు పడుతుంది, ఆ రోజులన్నీ టెన్షనే.

ఇంకో విషయం ఆయన చివర్లో, వెళ్లిపోతూ చెప్పారు. ఒక ప్రొడ్యూసర్ ఆయన షార్ట్‌లిస్ట్ చూసి, "అందరూ బాగా చేశారు, కానీ అందరూ ఒకేలా చేశారు" అన్నారట. ఆ మాట ఆయన్ని గాయపరిచింది. నాకు మాత్రం మొదటి ఆనవాలు అక్కడే దొరికింది. నిద్రలేమికి, మొహమాటానికి చాలామంది దగ్గర మందు ఉంటుంది. వేర్వేరు మనుషులు ఒకేలా నటించడానికి కారణం మాత్రం ఆ ఆడిషన్ గదిలోనే ఎక్కడో ఉండాలి.

నటుల టేపులు నాకు చూపించడం సబబు కాదు. వాళ్లు నా కోసం అనుమతి ఇవ్వలేదు. అందుకని టేపుల్లో ఆయన గొంతు వినిపించే చోట్లు మాత్రం రాసుకుని తెమ్మన్నాను: టేక్‌కి ముందు ఏమంటున్నారు, టేక్‌కీ టేక్‌కీ మధ్య ఏమంటున్నారు. ఆ కాగితాలు చూస్తే విషయం అర్థమైంది. నటుడు ఒక్కసారి కూడా చేసి చూపించకముందే ఈయన సలహా మొదలుపెడుతున్నారు. "ఇక్కడ కోపం తెచ్చుకోకండి, మింగేయండి." "ఈ మాట దగ్గర ఆగండి." అన్నీ మంచి సలహాలే. ఆ పాత్ర ఈయన చేసి ఉంటే అలాగే చేసేవారు. రెప్లికా చెప్పేటప్పుడు కూడా ఆయన పూర్తి ఆవేశంతో చెప్తున్నారు. ఎదుటి నటుడికి ఆ ఉప్పెనకు స్పందించడం తప్ప వేరే పని మిగలడం లేదు. ప్రొడ్యూసర్ చూసిన ఆ "ఒకేలా" అంతా ఈయన నటనే. వేర్వేరు మొహాల మీద ప్రతిఫలించింది, అంతే.

ఆ కాగితాల్లో మరో వింత కూడా ఉంది. ఒకరోజు ఆయనకు గొంతు పోయింది. ఆ రోజు సలహాలు ఇవ్వలేదు, రెప్లికా లోగొంతుకతో, నిదానంగా చెప్పారు. దర్శకులు చివరికి తీసుకున్నవాళ్లలో ఎక్కువమంది ఆ రోజు వచ్చినవాళ్లే. ఆయన దాన్ని కాకతాళీయం అనుకున్నారు.

మొదట ప్రయత్నించినవి, అవి ఎందుకు కుదరలేదు

నటన పూర్తిగా ఆపేయాలని ఆయనే ప్రతిపాదించారు. రెండు పడవల మీద కాళ్లు పెట్టడం వల్లే ఈ అవస్థ అని ఆయన నమ్మకం. నేను కాదనలేదు, దానికి నా కారణాలు నాకున్నాయి. కాస్టింగ్ చేసే మనిషి తనూ వేషాలు వేస్తుంటే నటులకు అనుమానం వస్తుంది: మంచి పాత్ర వస్తే మనకు చెప్తాడా, తనే చేసుకుంటాడా? ఆ అనుమానం పోవాలంటే కొంతకాలం నటనకు దూరంగా ఉండటం మంచిదే అనిపించింది. నాటకం ఒకటి వదులుకున్నారు, ఒక సిరీస్‌లో చిన్న వేషానికి వద్దని చెప్పారు.

ఫలితం తలకిందులైంది. ఆడిషన్ గదిలో సలహాలు ఇంకా పెరిగాయి. రెప్లికా ఇంకా ఉధృతమైంది. నటనకు వేరే చోటు లేకపోయేసరికి, అదంతా ఆ గదిలోకే వచ్చి పడింది. మిగతా వృత్తుల్లో ఉన్నవాళ్లకు విరామం పనిచేయవచ్చు. ఇరవై ఏళ్లు వేదిక మీద ఉన్న మనిషికి నటన ఆపడం అంటే రోజువారీ అవసరం ఒకటి తీసేయడం. అది ఎక్కడో ఒకచోట తీరాల్సిందే.

తర్వాత రెప్లికాకి వేరే మనిషిని పెట్టి చూశాం. ఆయన కెమెరా వెనక ఉంటారు, నాటకరంగ విద్యార్థి ఒకరు డైలాగులు చెప్తారు. సలహాలు తగ్గాయి. కానీ ఆ విద్యార్థి పట్టిక చదివినట్టు చదివేవాడు, నటులు చప్పబడిపోయారు. ఇంకో నష్టాన్ని నేను ముందే ఊహించలేదు, ఆయన చెప్తేనే తెలిసింది: "ఎదురుగా కూర్చున్నప్పుడు ఆ మనిషి నా మాట వింటున్నాడో లేదో నా ఒంటికి తెలిసేది. మానిటర్‌లో తెలియడం లేదు." ఆయనకున్న అసలు నేర్పు ఇదే. ఎవరు నిజంగా వింటున్నారు, ఎవరు తమ వంతు కోసం కాచుకుని ఉన్నారు అనేది ఆయన ఎదురుగా కూర్చుని పసిగడతారు. ఆ కుర్చీలోంచి లేపితే ఆయన అందరిలాంటి ఒక కాస్టింగ్ డైరెక్టర్.

నటులకు మార్కులు వేసే పట్టిక కూడా ఒకటి ప్రయత్నించాం. ప్రొడ్యూసర్లకు నచ్చింది. అయితే దానివల్ల భయం లేని, తెలిసిన మొహాలే పైకి వచ్చాయి. త్వరగానే పక్కన పెట్టేశాం.

కుర్చీలో ఉంటూనే మారడం

గొంతు పోయిన రోజును మళ్లీ తీసి చూడమన్నాను. ఆ రోజు ఆయన నటించలేదా? నటించారు. చిన్నగా, ఎదుటివాళ్లకు చోటిస్తూ నటించారు. అందుకే దాన్నొక పద్ధతిగా మార్చాం. మొదటి టేక్‌కి ముందు స్థలం, సందర్భం తప్ప ఒక్క మాట కూడా చెప్పకూడదు. రెప్లికా లోగొంతుకలో, తొందరపడకుండా చెప్పాలి. రెండో టేక్‌కి ఒకే ఒక మార్పు అడగాలి, అదీ నటుడు మొదట చేసిన దాంట్లోంచి పుట్టినదై ఉండాలి. ఆ మార్పు బాగుందా అనేదానికన్నా, నటుడు దాన్ని అందుకున్నాడా లేదా అనేది చూడాలి. సెట్ మీద దర్శకుడికి కావాల్సింది ఆ అందుకునే గుణమే.

దీంతోపాటే ఆయన మళ్లీ నాటకానికి వెళ్లారు. వారం మధ్యలో, చిన్న హాల్లో, తక్కువ డబ్బుకి. సినిమా వేషాలు తీసుకోకూడదని ఇద్దరం అనుకున్నాం. నాటకం వల్ల ఎవరి అవకాశానికీ అడ్డు రారు, నటన ఆకలి తీరుతుంది. నిద్ర కూడా దీనితోనే కొంత సర్దుకుంది. మిగతా సగం సర్దుకుంది ఇంకో చిన్న పనితో: ఆడిషన్‌కి వచ్చిన ప్రతి ఒక్కరికీ, పాత్ర వేరేవాళ్లకు ఖరారైన రోజే ఒక చిన్న సందేశం. ఇక్కడ చాలా ఆఫీసులు "లేదు" అని చెప్పవు. ఫోన్ రాకపోతే లేదని అర్థం చేసుకోవాలి. నటులు వారాల తరబడి ఫోన్ చూసుకుంటూ ఉంటారు. ఆ ఎదురుచూపు ఎలాంటిదో ఆయనకు తెలుసు, అందుకే రాత్రిళ్లు ఆ మొహాలు తిరిగేవి. సందేశం వెళ్లిపోతే తన వంతు పని తీరినట్టు అనిపించిందన్నారు.

మిత్రుల విషయంలో నియమం ఒకటి పెట్టుకున్నారు. స్నేహితుల టేపులు మొదటి వడపోతలో అసిస్టెంట్ చూస్తారు, తను చూడరు. నటుల దగ్గర ఏ పేరుతోనూ డబ్బు తీసుకోరు, వర్క్‌షాపుల పేరుతో కూడా. ఈ రెండోదాని మీద మేం చాలాసేపు మాట్లాడాం, ఎందుకంటే వర్క్‌షాపులు మంచి రాబడి. కానీ కాస్టింగ్ డైరెక్టర్ దగ్గర డబ్బు కట్టి నేర్చుకునే నటుడు చదువు కొంటున్నాడో, అతని కంట పడే అవకాశం కొంటున్నాడో చెప్పడం కష్టం. ఆ తేడా ఎవరూ చెప్పలేని చోట ఉండకపోవడమే మేలు. నాటక విద్యార్థులకు ఉచితంగా పాఠం చెప్తారు, ఆ ఏడాది వాళ్లను సినిమాలకు పిలవరు.

యాడ్ల సమస్య

కాస్టింగ్ ఆఫీసుల అద్దె కట్టేది ఎక్కువగా యాడ్ ఫిల్ములే. అక్కడ ఒక మాట బాగా నడుస్తుంది: "లాటినో ఇంటర్నేషనల్". కాగితం మీద ఏ తప్పూ కనిపించదు. ఆ మాట చూడగానే తెల్లటి ఒళ్లు, లేతరంగు జుట్టు అని అందరికీ అర్థమైపోతుంది. 2013లో ఒక విమాన సంస్థ యాడ్ కోసం వెళ్లిన కాస్టింగ్ కబురులో చామనచాయ వాళ్లు వద్దని నేరుగానే రాసి ఉండటం బయటపడి, ఆ సంస్థ, యాడ్ చేస్తున్న ఏజెన్సీ క్షమాపణ చెప్పాల్సి వచ్చింది. 2021లో నటులు, కళాకారులు పోదెర్ ప్రియెతో అనే బృందంగా ఏర్పడి, తెర మీది ఈ వర్ణవివక్ష గురించి బాహాటంగా మాట్లాడటం మొదలుపెట్టారు.

ఈయన వేషాలు పోగొట్టుకున్నది ఆ మాట వల్లే. ఇప్పుడు అదే మాట ఉన్న కాగితం ఆయన బల్ల మీదకు వస్తోంది. యాడ్లు పూర్తిగా మానేయాలనిపించింది. మానేస్తే అసిస్టెంట్ జీతం ఎక్కడి నుంచి వస్తుంది? పైగా ఆయన మానేసినంత మాత్రాన ఆ యాడ్ ఆగదు, ఇంకో ఆఫీసుకి వెళ్తుంది. నేను ఇక్కడ సలహా ఇవ్వలేదు, లెక్క వేయమన్నాను: ఏ క్లయింట్ పోతే ఎన్ని నెలలు తట్టుకోగలరు?

లెక్క చూసుకున్నాక ఆయన ఒక పద్ధతి ఎంచుకున్నారు. ఆ మాట వచ్చినప్పుడల్లా, దానికి అర్థం ఏమిటో రాతపూర్వకంగా చెప్పమని ఏజెన్సీకి మెయిల్ పెడతారు. మర్యాదగా, ఒకే వాక్యం. చాలామంది రాయరు. రాయలేనిది అడగలేరు కాబట్టి, "వయసు ముప్పై, కుటుంబ వాతావరణం" అని సర్దుకుంటారు. అప్పుడు ఆయన తనకు సరిపోతారనిపించిన అందరినీ పంపిస్తారు, అన్ని రంగుల వాళ్లనీ. కొందరు క్లయింట్లు మళ్లీ రాలేదు. కొందరు వస్తూనే ఉన్నారు. యాడ్లలో చివరికి ఎవరు కనిపిస్తున్నారన్నది పెద్దగా మారలేదని ఆయనే చెప్తారు. షార్ట్‌లిస్ట్‌లో ఎవరుంటున్నారన్నది మారింది. ఆయన చేతిలో ఉన్నది అంతవరకే. ఆ హద్దు ఎక్కడుందో తెలియడం ఆయనకు మేలు చేసిందని నా అభిప్రాయం.

కొండ ఊరిలో వెతుకులాట

కొత్త పద్ధతికి అసలు పరీక్ష ఒక చిన్న బడ్జెట్ సినిమాతో వచ్చింది. దక్షిణాది కొండల్లో కథ. ముఖ్యపాత్ర పన్నెండేళ్ల పిల్ల, ఇంట్లో ఆదివాసీ భాష మాట్లాడాలి. మెక్సికోలో అధికారిక లెక్క ప్రకారం ఆదివాసీ భాషల సమూహాలు 68, వాటిలో రూపాంతరాలు 364. పేరు ఒకటే అయినా, ఒక లోయలో మాట పక్క లోయకు వెళ్లేసరికి మారిపోతుంది. దర్శకురాలు రాసుకున్నది ఒక నిర్దిష్టమైన లోయ మాట.

నటన తెలియని వాళ్లను తీసుకోవడం ఇక్కడ కొత్త కాదు. 2007లో వచ్చిన 'స్టెల్లెట్ లిఖ్త్' చివావా రాష్ట్రంలోని మెన్నొనైట్లు అనే క్రైస్తవ వర్గం మధ్య, వాళ్ల భాషలోనే తీశారు. 2013లో 'లా హౌలా దె ఓరో'లో చియాపాస్ రాష్ట్రానికి చెందిన త్సోత్సిల్ ఆదివాసీ కుర్రాడు ముఖ్యపాత్ర వేశాడు, ఆ సినిమా నటబృందానికి కాన్ ఉత్సవంలో బహుమతి వచ్చింది. అన్నిటికన్నా 'రోమా' సినిమా తెచ్చిన మార్పు పెద్దది. ఒహాకా రాష్ట్రంలోని త్లాహియాకోలో జరిగిన ఆడిషన్‌కి యాలిత్సా అపారిసియో అక్కతోపాటు వచ్చింది. అక్క అప్పుడు గర్భిణి కావడంతో చెల్లెలు ఆడిషన్ ఇచ్చింది. చిన్నపిల్లల టీచరు కావడానికి చదువుకున్న అమ్మాయి, 2019లో ఉత్తమ నటి ఆస్కార్‌కు నామినేట్ అయింది. అప్పటినుంచి ప్రతి ప్రొడ్యూసరూ "మాకూ ఒక యాలిత్సాని వెతికిపెట్టండి" అంటాడు. అలాంటి ఎంపిక వెనక ఎంత తిరుగుడు, ఎంత ఓపిక ఉంటాయో ఎవరి బడ్జెట్‌లోనూ కనిపించదు.

ఈయన మొదటిసారి వెళ్లింది మామూలు పద్ధతిలోనే. మున్సిపల్ ఆఫీసు గోడ మీద ప్రకటన, బడిలో ఒక గది, కెమెరా, పిల్లలు చదవడానికి అరపేజీ కాగితం. ప్రొడ్యూసర్ ఇచ్చిన సమయం అంతే. ఇక్కడి బళ్లలో ప్రతి సోమవారం జెండా వందనం జరుగుతుంది, పిల్లలు నిలబడి గట్టిగా పద్యాలు అప్పజెప్తారు. కెమెరా ముందు కూడా పిల్లలందరూ అలాగే అప్పజెప్పారు. తల్లులు అడిగిన ప్రశ్నలకు ఆయన దగ్గర జవాబు లేదు: పిల్ల ఎక్కడ పడుకుంటుంది? బడి సంగతి ఏంటి? డబ్బు ఎవరి చేతికి ఇస్తారు? ఇవన్నీ ప్రొడక్షన్ వాళ్లు తర్వాత చూసుకుందాంలే అనుకున్నవి.

తిరిగొచ్చాక దర్శకురాలి మీద ఒత్తిడి వచ్చింది: రాజధానిలో నటన నేర్చుకున్న పిల్లను తీసుకుని, భాష నేర్పిద్దాం. ఆయన నాకు ఫోన్ చేసింది అప్పుడే. నటుడిగా ఆయనకు ఆ ఆలోచన నచ్చింది కూడా. భాష నేర్చుకోవడం నటుల పనే కదా, అపారిసియో కూడా పాత్ర కోసం మిస్తెకో అనే ఆదివాసీ భాష నేర్చుకుంది. నేను అడిగింది ఒక్కటే: ఆ ఊరివాళ్లు ఈ సినిమా చూస్తే ఏమనుకోవాలని దర్శకురాలి కోరిక? ఆయన ఆ ప్రశ్నను అలాగే ఆమెకు చేరవేశారు. తన వాళ్లే చూసి నవ్వే సినిమా తీయలేనని ఆమె అన్నారు. దాంతో రెండో ప్రయాణానికి ప్రొడ్యూసర్‌ని ఒప్పించే బాధ్యత ఆమె తీసుకున్నారు. ఈ కేసులో ఇదొక కీలకమైన మలుపు. కాస్టింగ్ డైరెక్టర్ తన వాదన తను వాదించుకోలేడు, దర్శకుడి కోరికను గుర్తుచేయగలడు.

రెండోసారి వెళ్లేముందు జవాబులు సిద్ధం చేసుకున్నారు. పారితోషికం ఎంత, ఎవరి పేరున, తల్లి తోడుగా ఉండటానికి ఆమెకు రోజుకెంత, బడికి సెలవులు ఎన్ని, ఏ సన్నివేశాల్లో ఏముంటుంది, వద్దనుకుంటే ఎలా తప్పుకోవచ్చు. మెక్సికో కార్మిక చట్టంలో పదిహేనేళ్ల లోపు పిల్లలకు పని నిషిద్ధం. కళా ప్రదర్శనను పనిగా లెక్కించరు కానీ, తల్లిదండ్రుల పర్యవేక్షణ, చదువుకు ఆటంకం కలగని వేళలు లాంటి షరతులు ఉంటాయి. ఇవన్నీ ఒక కాగితం మీద, రెండు భాషల్లో. ఆ ప్రాంతంలో ఊరి సభదే చివరి మాట, కాబట్టి ముందు సభలో నిలబడి చదివి వినిపించారు. ఊళ్లోనే ఉండే ఒక టీచరు అనువాదం చేశారు.

ఆ తర్వాత కొన్ని రోజులు కెమెరా బయటకు తీయలేదు. పిల్లలను ఏదైనా చేసి చూపించమనలేదు, తనకు నేర్పమని అడిగారు. కండెల నుంచి మొక్కజొన్న ఎలా వలవాలి, పెనం మీద తోర్తియ్యా (మొక్కజొన్న రొట్టె) ఎప్పుడు తిప్పాలి. ఆయనకు రాదు, తప్పులు చేస్తారు, పిల్లలు సరిదిద్దుతారు. మెల్లగా అందులోంచి ఆటలు పుట్టాయి. ఆయన బేరమాడే కొనుగోలుదారు అవుతారు. పట్నం నుంచి వచ్చిన, మాట తప్పే మావయ్య అవుతారు. ఆయన ఇరవై ఏళ్ల నటన ఇక్కడ అక్కరకొచ్చింది. గట్టిగా నటిస్తే పిల్లలు ప్రేక్షకులైపోతారు, మెత్తగా చేస్తే వాళ్లే ఆటలోకి వస్తారు. రెప్లికా కుర్చీలో నేర్చుకున్న లోగొంతుకను ఆయన ఇక్కడికి తెచ్చుకున్నారు.

అందరికన్నా చురుగ్గా ఉన్న పిల్లను ఆయన ఎంచలేదు. ఒక ఆటలో మావయ్య వేషంలో ఉండి, పగిలిన కుండ నీ తమ్ముడే పగలగొట్టాడని అబద్ధం చెప్పారు. చాలామంది పిల్లలు వెంటనే కాదని అరిచారు. ఒక పిల్ల మాత్రం ఏమీ అనలేదు. ఆయన వంక చూసింది, తమ్ముడి వంక చూసింది, పెంకులు ఏరడం మొదలుపెట్టింది. తర్వాత, ఆయన మాట మార్చి వేరే విషయం మాట్లాడుతుండగా, "కుండ ఇక్కడ పెట్టింది నువ్వే" అంది. కథలో పిల్ల పెద్దల రహస్యం ఒకటి తెలిసీ చాలాకాలం దాచుకోవాలి. మాటను ఆపుకోగలగడం, ఆపుకున్నంతసేపూ మనసులో దాన్నే మోయడం ఆ పాత్రకు కావాలి. అది నేర్పితే వచ్చేది కాదని ఆయన తీర్మానించుకున్నారు. నటిస్తే ఎలా ఉంటుందో ఆయనకు బాగా తెలుసు కాబట్టి, నటించనిది చూసి గుర్తుపట్టగలిగారు.

దర్శకురాలికి ఎడిట్ చేయని క్లిప్ పంపారు, నిశ్శబ్దం అంతా ఉంచి. ఆ పిల్లతోపాటు మరో ఇద్దరివి కూడా పంపారు, తన మొగ్గు ఎటో చెప్పకుండా. ఆమె అదే పిల్లను ఎంచుకున్నారు.

ఈ కేసు నుంచి నేను తీసుకున్నవి

నటుడు కాస్టింగ్‌లోకి వస్తే నటన వదిలేయమని నేనిక చెప్పను. ఆ నటన ఎక్కడ ఖర్చవుతోంది, ఎవరికి ఉపయోగపడుతోంది అని చూస్తాను. ఆడిషన్ గదిలో రెండే రెండు చోట్లు వెతుకుతాను: మొదటి టేక్‌కి ముందు కాస్టింగ్ చేసే మనిషి ఎంత మాట్లాడతారు, ఎదురు డైలాగు ఎంత గట్టిగా చెప్తారు. మిగతా ఫిర్యాదులన్నీ ఎక్కువగా ఈ రెండింటి చుట్టూనే తిరుగుతుంటాయి.

నిద్రలేమిని నేను మొదట జాలి వల్ల వచ్చిందనుకున్నాను. జాలి ఉంది, కానీ పూర్తికాని పనే ఎక్కువ బాధించింది. తిరస్కరించడం బరువే. తిరస్కరించిన సంగతి చెప్పకుండా వదిలేయడం ఇంకా బరువు. ఆ సందేశాలు పంపడానికి అసిస్టెంట్‌కి పట్టే సమయాన్ని ఆయన ఇప్పుడు బిల్లులోనే చేరుస్తున్నారు. ప్రొడ్యూసర్లు మొదట్లో ఎందుకని అడిగారు, తర్వాత అడగడం మానేశారు.

డబ్బు విషయం క్లుప్తంగా. పారితోషికాన్ని మూడు విడతలు చేశారు: మొదలుపెట్టినప్పుడు, షార్ట్‌లిస్ట్ ఇచ్చినప్పుడు, పాత్రలు ఖరారైనప్పుడు. నిధులు ఆలస్యమై షూటింగ్ వాయిదా పడటం ఇక్కడ మామూలే. అంతా చివర తీసుకునే పద్ధతిలో చేసిన పనికి కూడా డబ్బు రాదు. మొదటి టైటిల్స్‌లో పేరు ఉండాలన్నది కూడా ఒప్పందంలో రాయించుకుంటారు. బ్రిటన్ సినిమా అవార్డుల సంస్థ బాఫ్టా 2020లో, ఆస్కార్ అకాడమీ 2025 నాటి సినిమాలతో కాస్టింగ్‌కి అవార్డు మొదలుపెట్టాయి కాబట్టి, ఈ మాట అడగడం ఇదివరకటి కన్నా సులువైంది.

ఇంకా తేలనిది ఒకటుంది. సినిమా విడుదలయ్యాక ఆ పిల్లను ఎవరు చూసుకోవాలి? కాస్టింగ్ డైరెక్టర్ పని పాత్ర ఖరారవడంతో ముగుస్తుందని ఒప్పందాలు అంటాయి. కానీ ఆ కుటుంబానికి తెలిసిన మొహం ఆయనదొక్కటే, ఇంటర్వ్యూలు అడిగేవాళ్లూ, ఇంకో సినిమా ఇస్తామనేవాళ్లూ మొదలయ్యాక తల్లి ఫోన్ చేసేదీ ఆయనకే. తర్వాతి ఒప్పందంలో ఆయన ఒక షరతు పెట్టించారు: విడుదల తర్వాత ఏడాదిపాటు కుటుంబానికి, మీడియాకి మధ్య మనిషిగా ఉంటారు, ఉత్సవాలకు వెళ్తే తల్లి ఖర్చు, అనువాదకుడి ఖర్చు నిర్మాణ సంస్థదే, అందుకు ఆయనకు విడిగా డబ్బు. ఏడాది చాలుతుందని ఆయన కూడా అనుకోవడం లేదు. ఎంతకాలమైతే చాలుతుందో ఇద్దరం ఇంకా ఆలోచిస్తూనే ఉన్నాం.

ఆయన దగ్గర ఇప్పుడున్న అసిస్టెంట్ కూడా ఒకప్పటి నటే. ఈమధ్యే ఆమెను నా దగ్గరికి పంపారు. ఆమె కాగితాలు చూస్తే సమస్య సరిగ్గా ఎదురు దిక్కులో ఉంది: రెప్లికా ఎంత మెల్లగా చెప్తారంటే, ఎదుటి నటుడికి పట్టుకోవడానికి ఏమీ దొరకదు, రెండో టేక్‌కి ఏ మార్పూ అడగరు. అందుకని ఆమెతో లోగొంతుక సంగతి ఎత్తలేదు. ప్రతి ఆడిషన్‌లో కనీసం ఒక్కటి అడగమన్నాను, నటుడు దాన్ని అందుకున్నాడా లేదా రాసుకుని రమ్మన్నాను.